కొమురం భీమ్

కొమురం భీమ్ (1901 - 1940) హైదరాబాదు సంస్థానంలోని ఆసిఫాబాదు అడవుల్లో గోండులు, కోలాముల భూమి హక్కుల కోసం పోరాడి, జోడేఘాట్ కొండపై పోలీసు కాల్పుల్లో మరణించిన గోండు నాయకుడు. నీరు, అడవి, భూమి మీద ఆదివాసులకే హక్కు ఉండాలనే అర్థంలో వాడుకలో ఉన్న జల్, జంగల్, జమీన్ నినాదం ఆయన పేరుతోనే ప్రసిద్ధి పొందింది. 2016లో ఏర్పడిన ఆసిఫాబాదు జిల్లాకు ఆయన పేరు పెట్టారు. జోడేఘాట్ నేడు ఈ జిల్లాలోని కెరమెరి మండలంలో ఉంది. సింగరేణి బొగ్గు గనుల కేంద్రాలలో ఒకటైన గోలేటి ఇదే జిల్లాలోని రెబ్బెన మండలంలో ఉంది. భీమ్ జీవితం చాలాకాలం పాటు పుస్తకాలలో కాక ఆదివాసుల పాటలలో, ఆటలలో, పండుగలలో నిలిచింది. అందువలన ఆయన చరిత్రను గోండుల కళా సంప్రదాయం నుండి, వారు తమ నేలను కాపాడుకొనే పద్ధతి నుండి వేరుచేసి చూడలేము.

పేరు, ఆధారాలు

కొమురం అనేది ఇంటిపేరు. గోండులలో కుమ్ర అనే గోత్రానికి తెలుగులో స్థిరపడిన రూపం ఇది. కొమరం, కుమ్రం, కుమురం అనే రూపాలు కూడా ప్రభుత్వ పత్రాలలోను, పత్రికలలోను కనిపిస్తాయి. ఆంగ్ల రచనలలో ఆయన కుమ్ర భీముగా ప్రస్తావించబడ్డాడు.

భీమ్ తన జీవితాన్ని స్వయంగా రాసుకోలేదు. ఆయన గురించిన సమాచారం మూడు మార్గాలలో లభిస్తున్నది. మొదటిది గోండు, కోలాం, పర్ధాను, తోటి పెద్దలు చెప్పుకొనే మౌఖిక కథనాలు. రెండవది 1940వ దశకంలో ఈ ప్రాంతంలో నివసించి పరిశోధన చేసిన మానవశాస్త్రవేత్త క్రిస్టోఫ్ వాన్ ఫ్యూరర్ హైమండార్ఫ్ రచనలు. మూడవది 1970, 80 దశకాలలో తెలుగు రచయితలు గూడేలు తిరిగి సేకరించిన వివరాలు. ఘటనల క్రమంలో ఈ మూడూ చాలావరకు కలుస్తాయి. తేదీలలోను, కొన్ని సంఘటనల వివరాలలోను తేడాలు ఉన్నాయి. ఆయన మరణ తేదీగా 1940వ సంవత్సరంలోని వేర్వేరు రోజులు ముద్రిత రచనలలో కనిపిస్తాయి. ఆదివాసులు మాత్రం తేదీతో నిమిత్తం లేకుండా ఆశ్వయుజ పౌర్ణమి నాడు ఆయన వర్ధంతిని జరుపుకుంటారు.

నేపథ్యం

గోండులు, వారి నేల

ఉత్తర తెలంగాణలో గోదావరి, ప్రాణహిత, పెన్‌గంగ నదుల నడుమ ఉన్న కొండల ప్రాంతం గోండుల ప్రాచీన నివాసం. చాందా (నేటి మహారాష్ట్రలోని చంద్రపూర్) రాజధానిగా గోండు రాజులు శతాబ్దాల పాటు ఈ ప్రాంతాన్ని పాలించారు. 18వ శతాబ్దం మధ్యలో ఆ రాజ్యం నాగపూరు భోంస్లేల చేతిలోకి పోయింది. తరువాత పెన్‌గంగకు దక్షిణాన ఉన్న భాగం నిజాం ఏలుబడిలోకి వచ్చింది. 1857 తిరుగుబాటు కాలంలో రాంజీ గోండు నాయకత్వంలో నిర్మల్ ప్రాంతంలో పోరాటం జరిగింది. 1860లో ఆయనను ఉరితీశారు.

గోండుల వ్యవసాయం ప్రధానంగా నాగలి సేద్యం. తేలిక నేలలను కొన్నేళ్లు దున్ని, సారం తగ్గగానే బీడుగా వదిలి, మరొక చెలక దున్నుకొని, కొన్నేళ్ల తరువాత తిరిగి మొదటి నేలకు వచ్చేవారు. వదిలిన నేలలో చెట్లు, పొదలు పెరిగి భూమి మళ్లీ సారవంతమయ్యేది. కోలాములు కొండవాలుల్లో పోడు పద్ధతిలో జొన్న, చిరుధాన్యాలు పండించేవారు. ఇప్పపూలు, తునికి పండ్లు, దుంపలు, తేనె, వెదురు అడవి నుండి తెచ్చుకునేవారు. ఇప్పచెట్టును ఆహారం ఇచ్చే చెట్టుగా గౌరవించి, చేను కొట్టేటప్పుడు కూడా దానిని నరకకుండా వదిలేవారు.

ఈ జీవనాన్ని నియమాలతో నడిపించినది వారి మతాచారం. ప్రతి గోత్రానికి పెర్సపేన్ అనే పెద్ద దేవుడు ఉంటాడు. ఆ దేవుని చిహ్నాలను ఊరి బయట అడవిలో భద్రపరుస్తారు. ఊరి పొలిమేరను కాపాడే దేవత అకిపేన్. ఆషాఢ మాసంలో అకాడి పేరుతో అడవి అంచున పూజ జరిపి పశువుల క్షేమం కోరుకుంటారు. కొత్త పంటను దేవతలకు సమర్పించనిదే తినరు. విత్తనం వేయడానికి, కోత కోయడానికి, వేటకు వెళ్లడానికి కూడా ఊరంతా కలిసి పూజ చేయాలి. ఈ పూజలకు పట్ల (గ్రామ పెద్ద), దేవారి (పూజారి) బాధ్యులు. భూమిని ఎవరు ఎంత దున్నాలో, ఎప్పుడు వదలాలో గ్రామ పెద్దల మాట ప్రకారం జరిగేది. కాగితం మీద పట్టా లేకపోయినా, ఏ దేవుని గుడి ఏ అడవిలో ఉన్నదో, ఏ గోత్రం వారు ఏ ఊరిని మొదట కట్టుకున్నారో అందరికీ తెలుసు. హక్కుకు అదే ఆధారం.

నేలను గుర్తుపెట్టుకొనే కళ

గోత్రాల కథలను, దేవతల పుట్టుకను, పూర్వీకులు నడిచిన దారులను జ్ఞాపకం ఉంచుకొనే బాధ్యత పర్ధానులది. వీరు గోండులకు వంశపారంపర్య గాయకులు. పెర్సపేన్ కొలుపులలో కీక్రి అనే తీగ వాద్యం, పెప్రె అనే ఊదే వాద్యం వాయిస్తూ రాత్రంతా గోత్ర గాథలు గానం చేస్తారు. తోటి తెగవారు కూడా ఇలాంటి గానంతోనే జీవించేవారు. ఆ గాథలలో నదుల పేర్లు, కొండల పేర్లు, పూర్వీకులు ఆగిన ఊళ్ల పేర్లు వరుసగా వస్తాయి. కాబట్టి పర్ధాను పాట వినోదం మాత్రమే కాదు, ఆ గోత్రం వారి నేల చరిత్ర కూడా.

ఆశ్వయుజ పౌర్ణమి తరువాత మొదలై దీపావళి వరకు సాగే దండారి పండుగలో గుస్సాడీ నృత్యం ప్రధానమైనది. గుస్సాడీలు తలపై నెమలి ఈకలతో అల్లిన పెద్ద టోపీ ధరించి, ఒంటికి బూడిద పూసుకొని, భుజాన జంతు చర్మం వేసుకొని, గజ్జెలు, చేతికర్రతో ఆడతారు. దీక్ష ఉన్న రోజులలో స్నానం చేయరు. ఒక ఊరి దండారి బృందం మరొక ఊరికి అతిథిగా వెళ్లి ఆడుతుంది. ఆ ఊరివారు భోజనం పెట్టి గౌరవిస్తారు. ఈ రాకపోకల వలన ఊళ్ల మధ్య బంధుత్వాలు, పెళ్లి సంబంధాలు కుదురుతాయి, తగాదాలు సమసిపోతాయి.

దేవతా విగ్రహాలు, గంటలు, గజ్జెలు, దీపపు కుందెలు పోతపోసేది ఓజ కులస్థులు. మైనంతో బొమ్మ చేసి, దానిపై మట్టి పొర వేసి, కాల్చి, మైనం కరిగిన ఖాళీలో కరిగించిన లోహం పోయడం వీరి పద్ధతి. జైనూరు మండలంలోని ఉషేగావ్ ఈ పనికి పేరుపొందినది. ఆదిలాబాదు డోక్రా పేరుతో ఈ కళకు 2018లో భౌగోళిక గుర్తింపు లభించింది. మైనం, పుట్టమన్ను, కట్టెబొగ్గు అన్నీ చుట్టుపక్కల అడవి నుండే రావాలి. అడవిలో ప్రవేశం లేకపోతే నెమలి ఈక దొరకదు, వాద్యానికి కర్ర దొరకదు, పెర్సపేన్ వద్దకు దారి ఉండదు. ఊరు ఖాళీ చేయిస్తే పోయేది చేను ఒక్కటే కాదని, ఆ ఊరి దేవుడు, పాట, ఆట కూడా పోతాయని గోండులు భావించడానికి కారణం ఇదే.

అటవీ నిబంధనలు, కొత్త పట్టాదారులు

20వ శతాబ్దం మొదటి దశకాలలో నిజాం ప్రభుత్వం టేకు అడవులను హద్దులు వేసి రిజర్వు చేయసాగింది. బీడుగా వదిలిన చెలకలను అడవిగా లెక్కకట్టారు. కొన్నేళ్లకు తిరిగి వచ్చి దున్నిన గోండు తన పాత చేనులోనే ఆక్రమణదారుగా నిలబడవలసి వచ్చింది. పశువుల మేతకు, వంటచెరకుకు పన్నులు వేశారు. బంబ్రామ్, దూపపెట్టి అనే పేర్లతో ఈ పన్నులు మౌఖిక కథనాలలో నిలిచిపోయాయి. కట్టలేని వారి నుండి అటవీ చౌకీదార్లు ధాన్యం, కోళ్లు, డబ్బు వసూలు చేసేవారు. హద్దుల లోపల ఉన్న గూడేలను ఖాళీ చేయించారు, కొన్నింటిని తగులబెట్టారు.

అదే కాలంలో కాజీపేట - బల్హార్షా రైలుమార్గం 1920వ దశకం చివరికి పూర్తయింది. రెబ్బెన వద్ద ఉన్న ఆసిఫాబాద్ రోడ్ స్టేషను మీదుగా ఈ మార్గం పోతుంది. బెల్లంపల్లి ప్రాంతంలో బొగ్గు తవ్వకం మొదలైంది. 1938లో సిర్పూరు కాగితపు మిల్లు స్థాపితమైంది. దానికి కావలసిన వెదురు ఈ అడవుల నుండే రావాలి. రైలు వచ్చిన తరువాత బయటి ప్రాంతాల నుండి రైతులు, వ్యాపారులు, వడ్డీ వ్యాపారులు పెద్దసంఖ్యలో వచ్చారు. కచేరీ భాష, దస్త్రాలు తెలిసినవారు నల్లరేగడి భూములను తమ పేర పట్టా చేయించుకున్నారు. ఆ భూమిని తరాలుగా దున్నిన గోండులు వారి కిందనే కౌలుదార్లుగా, పాలేర్లుగా మారారు. ఒకవైపు కొండ అడవి శాఖకు, మరొకవైపు మైదానం పట్టాదారుకు పోగా, నడుమ నిలబడడానికి చోటు లేని స్థితి ఏర్పడింది.

బాల్యం, యౌవనం

భీమ్ ఆసిఫాబాదు సమీపంలోని సంకేపల్లి గూడెంలో గోండు కుటుంబంలో జన్మించాడు. ఆయన జన్మదినంగా 1901 అక్టోబరు 22 ప్రచారంలో ఉంది. తండ్రి పేరు చిన్నూ. బడి చదువు లేదు. చేను పనులలో, పశువులు కాయడంలో, పర్ధానుల కథలు వినడంలో బాల్యం గడిచింది. అటవీ సిబ్బంది గూడేనికి వచ్చి చేసే దౌర్జన్యాన్ని చిన్ననాటి నుండే చూశాడు. భీమ్ పదిహేనేళ్ల వయసులో ఉండగా తండ్రి మరణించాడు. అటవీ సిబ్బంది చేతిలో ఆయన చనిపోయాడని ఎక్కువ కథనాలు, జ్వరంతో మరణించాడని కొన్ని కథనాలు చెబుతాయి.

తండ్రి మరణం తరువాత కుటుంబం సుర్దాపూరుకు వలస వెళ్లింది. అక్కడ పోడు కొట్టి చెలక చేసుకున్నారు. పంట చేతికి వచ్చే సమయానికి ఆ భూమికి తానే పట్టాదారునని సిద్దిఖ్ అనే వ్యక్తి వచ్చి ధాన్యం తీసుకుపోవడానికి ప్రయత్నించాడు. అప్పుడు జరిగిన ఘర్షణలో భీమ్ కొట్టిన దెబ్బకు సిద్దిఖ్ మరణించాడు. భీమ్ ఆ రాత్రే ఊరు విడిచి వెళ్లవలసి వచ్చింది.

ఈ ఘటన ఆయన జీవితానికి మలుపు. ఒక రైతు, ఒక చేను, ఒక కాగితం మధ్య తగాదాగా మొదలైన దానిని, ఆ కాగితం ఎవరు రాశారు, ఏ హక్కుతో రాశారు అనే ప్రశ్నగా ఆయన తరువాతి కాలంలో మార్చగలిగాడు.

ప్రవాసం

సుర్దాపూరు నుండి భీమ్ చాందాకు చేరుకున్నాడు. అక్కడ విఠోబా అనే ముద్రాపకుని వద్ద పనికి కుదిరాడని మౌఖిక కథనాలు చెబుతాయి. విఠోబా నిజాంకు, బ్రిటిషు వారికి వ్యతిరేకంగా పత్రిక ముద్రించేవాడు. అతని వద్దనే భీమ్ హిందీ, ఉర్దూ, ఆంగ్ల భాషలలో చదవడం, రాయడం నేర్చుకున్నాడు. విఠోబా అరెస్టు కావడంతో ఆ ఆశ్రయం పోయింది. తరువాత తేయాకు తోటల పనికి పోయే కూలీలతో కలిసి అస్సాం వెళ్లి నాలుగైదేళ్లు అక్కడ ఉన్నాడు. తోటలలో కూలీల ఆందోళనలో పాల్గొని అరెస్టయి, తప్పించుకొని తిరిగి వచ్చాడని చెబుతారు. మన్యంలో 1922 నుండి 1924 వరకు అల్లూరి సీతారామరాజు నడిపిన పోరాటం, ఛోటానాగపూరులో బిర్సా ముండా ఉద్యమం గురించి ఆయన ఈ కాలంలోనే విన్నాడని ఆదివాసులు చెప్పుకుంటారు.

బడికి వెళ్లని గోండు యువకుడు అక్షరాలు నేర్చి తిరిగి రావడం ఆ రోజుల్లో అసాధారణమైన విషయం. పర్ధాను పాట గోండుల ముందు హక్కును నిలబెట్టేది గాని, కచేరీలో చెల్లేది కాదు. కచేరీలో చెల్లేది దరఖాస్తు. దానిని చదవగల, రాయించగల మనిషి గోండులకు భీమ్ రూపంలో లభించాడు.

తిరిగి రాక, పన్నెండు గ్రామాలు

తిరిగి వచ్చిన తరువాత భీమ్ కాకన్‌ఘాట్‌లో ఉన్న తన బంధువుల వద్దకు చేరాడు. ఆ ఊరి పెద్ద లచ్చు పటేల్ వద్ద పనిచేస్తూ, అతని భూమి వ్యాజ్యాన్ని ఆసిఫాబాదు కచేరీలో నడిపి గెలిపించాడని ప్రతీతి. దానితో ఆయన పేరు చుట్టుపక్కల గూడేలలో తెలిసింది. సోంబాయిని వివాహం చేసుకున్నాడు. తరువాత కుటుంబంతో, బంధువులతో బాబేఝరి ప్రాంతానికి వెళ్లి, ఖాళీ చేయించబడిన గోండులు, కోలాములతో కలిసి అడవిలో కొత్త చెలకలు చేసుకున్నాడు. బాబేఝరి, జోడేఘాట్, పట్నాపూర్, టోకెన్నవాడ, లైన్‌పటార్ మొదలైన పన్నెండు గూడేలు ఈ విధంగా ఒక గుంపుగా ఏర్పడ్డాయి.

ఈ గూడేలు రిజర్వు అడవి హద్దుల లోపల ఉన్నాయని అధికారులు పంటలు తగులబెట్టించారు, ఇళ్లు కూల్చారు, జరిమానాలు విధించారు. సాగుకు అనుమతి ఇప్పిస్తామని చెప్పి కింది ఉద్యోగులు డబ్బు అడిగేవారు. మొదట భీమ్ దరఖాస్తుల మార్గమే పట్టాడు. పై అధికారులకు అర్జీలు పంపించాడు. నిజాంను కలవడానికి హైదరాబాదు వెళ్లి, దర్శనం దొరకక తిరిగివచ్చాడని మౌఖిక కథనాలు చెబుతాయి. అర్జీలకు ఫలితం రాకపోవడంతో పన్నెండు గ్రామాల పెద్దలు సమావేశమై పన్ను కట్టరాదని, గ్రామాలను ఖాళీ చేయరాదని నిర్ణయించుకున్నారు.

భీమ్ వారి కోరికలను నీరు, అడవి, భూమి అనే మూడు మాటలలో కూర్చాడు. చేసుకున్న చెలక దున్నుకొనే హక్కు, అడవిలో పశువులు మేపుకొనే హక్కు, వాగుల నీరు వాడుకొనే హక్కు, తమ గ్రామాలను తామే పాలించుకొనే అధికారం అందులోని సారాంశం. అడవిని నరికి అమ్ముకొనే స్వేచ్ఛ ఆ కోరికలలో లేదు. అడవి పోతే దేవుడూ పోతాడనే నమ్మకం గల సమాజం అడిగినది అడవితో కలిసి బతికే హక్కు. అడవిని తానే కాపాడుతున్నానని చెప్పే ప్రభుత్వం ఒకవైపు, అంతకు ముందు నుండి కాపాడుతూ వచ్చిన మనుషులు మరొకవైపు నిలిచిన తగాదా ఇది.

కుమ్రం సూరు, వెడ్మ రాము ఆయనకు ముఖ్య అనుచరులు. గోండు, కోలాం యువకులు విల్లంబులు, బరిసెలు, గొడ్డళ్లు, కొన్ని నాటు తుపాకులతో దళంగా ఏర్పడ్డారు. గోండులు, కోలాములు వేర్వేరు భాషలు, వేర్వేరు ఆచారాలు గలవారు. ఈ రెండు తెగలు ఒకే నాయకత్వం కింద నిలబడడం ఈ పోరాటంలోని విశేషం.

జోడేఘాట్ ఘటన, మరణం

1940లో పరిస్థితి విషమించింది. అటవీ సిబ్బందికి, గూడేల వారికి ఘర్షణలు జరిగాయి. ఆసిఫాబాదు అప్పటికి జిల్లా కేంద్రం. జిల్లా అధికారులు రాయబారం పంపించారు. భీమ్‌కు, ఆయన కుటుంబానికి పట్టాలు ఇస్తామని ఆశచూపితే, పన్నెండు గ్రామాలకూ ఇవ్వాలని ఆయన పట్టుబట్టాడని చెబుతారు. రాజీ కుదరలేదు. సాయుధ పోలీసు బలగం జోడేఘాట్ వైపు కదిలింది.

భీమ్, ఆయన అనుచరులు జోడేఘాట్ కొండపై స్థావరం ఏర్పరచుకున్నారు. ఆ దారి తెలిసిన మనిషి ఒకరు పోలీసులకు సమాచారం అందించినట్లు ఆదివాసుల కథనం. ఆశ్వయుజ పౌర్ణమి రాత్రి పోలీసులు కొండను చుట్టుముట్టి కాల్పులు జరిపారు. భీమ్‌తో సహా పదిమందికి పైగా మరణించారు. అనేకులు గాయపడ్డారు, అరెస్టయ్యారు. భీమ్‌కు మంత్రశక్తులు ఉన్నాయని, మరణించినా తిరిగి లేస్తాడని పోలీసులు భయపడి, చనిపోయిన తరువాత కూడా శరీరంపై కాల్పులు జరిపారని కథలుగా చెప్పుకుంటారు.

పౌర్ణమి గడిచిన తరువాత గూడేలలో దండారి మొదలవుతుంది. అందుచేత ఆనాటి నుండి భీమ్ మరణం, గుస్సాడీ ఆట ఒకే పక్షంలో కలిసి వస్తున్నాయి. జోడేఘాట్ వర్ధంతి సభలో ఆదివాసులు తమ సంప్రదాయ పద్ధతిలో పూజలు చేసి, వాద్యాలతో నివాళి అర్పిస్తారు.

తరువాతి పరిణామాలు

జోడేఘాట్ ఘటన నిజాం ప్రభుత్వాన్ని ఆలోచనలో పడవేసింది. ఆస్ట్రియా దేశస్థుడైన హైమండార్ఫ్ రెండవ ప్రపంచ యుద్ధ కాలంలో హైదరాబాదు సంస్థానంలోనే ఉండవలసి వచ్చి, చెంచులు, కొండరెడ్ల మీద పరిశోధన చేసి, 1941 నుండి గోండుల మధ్య పనిచేశాడు. భార్య బెట్టీతో కలిసి మార్లవాయిలో గుడిసె వేసుకొని నివసించాడు. గోండుల తిరుగుబాటుకు కారణం వారి స్వభావం కాదని, భూమి కోల్పోవడం, కింది ఉద్యోగుల దోపిడీ కారణాలని ఆయన ప్రభుత్వానికి నివేదించాడు. సంస్థానంలో రెవెన్యూ బాధ్యతలు చూసిన విల్‌ఫ్రిడ్ గ్రిగ్సన్ ఆయన సూచనలకు మద్దతు ఇచ్చాడు.

ఫలితంగా ఆదివాసులకు పట్టాల పంపిణీ మొదలై వేలాది కుటుంబాలకు భూమి దక్కింది. 1943లో గోండు విద్యా పథకం ఆరంభమైంది. మార్లవాయిలో ఉపాధ్యాయ శిక్షణ కేంద్రం స్థాపించి గోండి భాషలో వాచకాలు తయారుచేశారు. కేస్లాపూర్ నాగోబా జాతర సందర్భంగా అధికారులు ఆదివాసుల ఫిర్యాదులు వినే దర్బారు 1940వ దశకంలోనే మొదలైంది. గిరిజన ప్రాంతాల రక్షణకు సంస్థానంలో ప్రత్యేక నిబంధనలు వచ్చాయి. భీమ్ బతికుండగా అర్జీలతో సాధించలేకపోయిన వాటిలో కొన్నింటిని ఆయన మరణం సాధించింది.

పర్ధానుల గోత్ర గాథలను, పెర్సపేన్ కొలుపులను, దండారిని హైమండార్ఫ్ వివరంగా నమోదు చేశాడు. ఆదిలాబాదు రాజ్‌గోండుల మీద ఆయన గ్రంథం 1948లో వెలువడింది. భూమి సమస్యను పరిష్కరించడానికి పూనుకున్న మనిషే పాటలను, పూజలను రాసిపెట్టడం యాదృచ్ఛికం కాదు. ఏ ఊరు ఎవరిదో తెలుసుకోవాలంటే ఆ ఊరి దేవుని కథ వినవలసి ఉండేది.

ఈ రక్షణ ఎక్కువకాలం నిలవలేదు. సంస్థానం భారతదేశంలో కలిసిన తరువాత వలసలు పెరిగాయి. గిరిజనుల భూమి గిరిజనేతరులకు బదలాయించడాన్ని నిషేధించిన 1959 నాటి ఆంధ్రప్రదేశ్ నిబంధనలను 1963లో తెలంగాణ ప్రాంతానికి వర్తింపజేశారు. 1970లో వాటిని మరింత కట్టుదిట్టం చేశారు. ఇది 1/70 చట్టంగా ప్రసిద్ధం. చట్టం ఉన్నా భూములు చేతులు మారుతూనే వచ్చాయి. 1981 ఏప్రిల్ 20న ఇంద్రవెల్లిలో భూమి సమస్యపై సభకు వచ్చిన ఆదివాసులపై పోలీసులు కాల్పులు జరపగా పలువురు మరణించారు. 1982లో ప్రచురించిన గ్రంథంలో హైమండార్ఫ్, తాను 1940లలో చూసిన గోండుల భూములు తరువాతి దశాబ్దాలలో ఏ విధంగా చేజారిపోయాయో వివరించాడు. 2006లో పార్లమెంటు చేసిన అటవీ హక్కుల చట్టం, అడవిలో సాగు చేసుకుంటున్న వారి హక్కును, సామూహికంగా అడవిని సంరక్షించుకొనే గ్రామసభ హక్కును గుర్తించింది. ఈ రెండూ జోడేఘాట్‌లో వినిపించిన కోరికలే.

బొగ్గు గనులు, అడవి

ఆసిఫాబాదు అడవుల తూర్పు అంచున బొగ్గు పొరలు ఉన్నాయి. 1920లో సింగరేణి కాలరీస్ కంపెనీగా పేరు మార్చుకున్న సంస్థను 1945లో హైదరాబాదు సంస్థానం తన అధీనంలోకి తీసుకుంది. ఆ సంస్థకు చెందిన బెల్లంపల్లి ఏరియా కార్యాలయం, ఉద్యోగుల నివాసాలు గోలేటిలో ఉన్నాయి. ఒకప్పుడు భూగర్భ గనులు ప్రధానంగా ఉన్న ఈ ప్రాంతంలో తరువాత ఓపెన్‌కాస్టు తవ్వకం పెరిగింది. భూగర్భ గని కంటే ఓపెన్‌కాస్టుకు ఉపరితల భూమి చాలా ఎక్కువ కావాలి. చెట్లు, పై మట్టి, చేలు తొలగించి మట్టి గుట్టలు పోయవలసి ఉంటుంది. తవ్వకం ముగిసిన తరువాత గుట్టలపై మొక్కలు నాటినా, వాగు పాత దారిని, ఊరి దేవుని స్థలాన్ని తిరిగి తేవడం కష్టం.

షెడ్యూలు ప్రాంతంలోని ప్రభుత్వ భూములను గనుల కోసం ప్రైవేటు సంస్థలకు లీజుకు ఇవ్వరాదని 1997లో సమత కేసులో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. ప్రభుత్వ సంస్థలకు, గిరిజనుల సహకార సంఘాలకు ఈ నిషేధం వర్తించదు. అందువలన గనుల విషయంలో ఆదివాసుల హక్కు గ్రామసభ సంప్రదింపుల మీద, పునరావాసం మీద ఆధారపడి ఉంది. గనులు ఈ జిల్లాలో వేలాది కుటుంబాలకు జీవనాధారం కూడా. భీమ్ పేరును ఆదివాసి సంఘాలతో పాటు కార్మికులు కూడా గౌరవంగా తలచుకోవడం ఇక్కడ కనిపిస్తుంది.

స్మృతి

భీమ్ మరణించిన తరువాత దశాబ్దాల పాటు ఆయన కథ గోండి పాటలలోనే ఉంది. అల్లం రాజయ్య, సాహు కలిసి ఆదివాసుల నుండి వివరాలు సేకరించి రాసిన కొమురం భీం నవల 1983లో వెలువడింది. తెలుగు పాఠకులకు ఆయనను విస్తృతంగా పరిచయం చేసిన రచన ఇది. అల్లాణి శ్రీధర్ దర్శకత్వంలో ఆయన జీవితంపై నిర్మించిన చలనచిత్రం నంది పురస్కారం పొందింది. ఈ చిత్రం చాలా ఏళ్ల తరువాత 2010లో విడుదలైంది. 2022లో విడుదలైన ఆర్ఆర్ఆర్ చిత్రంలో భీమ్ పాత్ర ఉన్నప్పటికీ, ఆ కథ కల్పితం. అందులో చూపిన ఢిల్లీ సంఘటనలకు, అల్లూరి సీతారామరాజుతో స్నేహానికి చారిత్రక ఆధారం లేదు.

ఆసిఫాబాదు మండలంలోని అడ గ్రామం వద్ద పెద్దవాగుపై నిర్మించిన సాగునీటి ప్రాజెక్టుకు ఆయన పేరు పెట్టారు. హైదరాబాదులో ట్యాంక్‌బండ్ మీద ఆయన విగ్రహం ఉంది. తెలంగాణ రాష్ట్రం ఏర్పడిన తరువాత 2014లో ముఖ్యమంత్రి జోడేఘాట్ వర్ధంతి సభలో పాల్గొని స్మారక నిర్మాణానికి నిధులు ప్రకటించాడు. 2016లో అక్కడ స్మారక స్థలం, ఆదివాసి మ్యూజియం ప్రారంభమయ్యాయి. మ్యూజియంలో గోండుల, కోలాముల పూజా వస్తువులు, వాద్యాలు, గుస్సాడీ వేషం, భీమ్ పోరాటాన్ని చూపే బొమ్మలు ఉన్నాయి. అదే సంవత్సరం అక్టోబరు 11న ఆదిలాబాదు జిల్లాను విభజించి కొత్త జిల్లాకు కొమురం భీమ్ పేరు ఇచ్చారు.

గుస్సాడీ నృత్యానికి జాతీయ గుర్తింపు కూడా వచ్చింది. మార్లవాయికి చెందిన గుస్సాడీ గురువు కనక రాజుకు 2021లో పద్మశ్రీ పురస్కారం ప్రకటించారు. ఆయన 2024 అక్టోబరులో, దీపావళికి కొద్ది రోజుల ముందు మరణించాడు. ఆదిలాబాదు జిల్లా గుంజాలలో లభించిన చేతిరాత ప్రతులలోని గోండి లిపి 2018లో యూనికోడ్‌లో చేరింది. పాటగా మాత్రమే ఉన్న చరిత్రను తమ లిపిలో రాసుకొనే అవకాశం దీనివలన గోండి యువతకు కలిగింది.

2025 మే నెలలో తెలంగాణ ప్రభుత్వం జీవో 49 ద్వారా, కవ్వాల్, తాడోబా పులుల అభయారణ్యాలను కలిపే అటవీ ప్రాంతాన్ని కొమురం భీమ్ కన్జర్వేషన్ రిజర్వుగా ప్రకటించింది. తమ గ్రామాలకు, పోడు భూములకు ముప్పు కలుగుతుందని ఆదివాసి సంఘాలు ఆందోళన చేశాయి. జూలైలో ప్రభుత్వం ఆ ఉత్తర్వును నిలుపుదల చేసింది. అడవిని కాపాడవలసినది ఎవరు, ఎవరితో కలిసి కాపాడాలి అనే ప్రశ్న 1940 నాటిదే. ఈసారి అది భీమ్ పేరు పెట్టిన ఉత్తర్వు మీదనే తలెత్తింది.